నోటిఫికేషనే లేకపోతే అభ్యర్థి ఎక్కడినుంచి వస్తాడు?

సంపాదకుల వారికి,



సహకార బ్యాంకుల నియామకాల గురించి పోయిన ఆదివారం మీ న్యాయ సలహా శీర్షికలో వచ్చిన జవాబు చదివాక ఊరుకోబుద్ధి కాలేదు. దరఖాస్తు పెట్టి నష్టపోయిన వాళ్లే కోర్టుకెళ్లాలట, మిగతా వాళ్లకి ‘లోకస్ స్టాండై’, అంటే కోర్టుకెక్కే అర్హత, లేదట. రెండు ముక్కల్లో తేల్చేశారు మీ వకీలుగారు. అడిగినాయన ఒక సంఘంలో సభ్యుడు. ఆయన్ని దారినపోయే దానయ్య కింద జమకట్టి పంపేశారు.

మాది డొంకూరు. 2018లో తిత్లీ తుపాను కూల్చేసిన కొబ్బరి తోటని మళ్లీ లేపుకుందామని మా వైపు ఒక సహకార సంఘంలో అప్పు తీసుకున్నాను. డబ్బు చేతిలో పెట్టకముందే వాటాధనం కోసుకున్నారు. కనుక నేను సభ్యుణ్ణి, కాగితాల మీద యజమానిని కూడా. ఆ మధ్య వడ్డీ కట్టడానికెళ్తే కౌంటర్లో కొత్త కుర్రాడు కూర్చునున్నాడు. ఎప్పుడు తీసుకున్నారని అడిగితే, నోటీసు అంటించాం కదా అన్నారు. ఎక్కడయ్యా అంటే లోపలి గదిలో, బీరువా పక్క గోడకి! ఆ గదిలోకి సభ్యుల్ని అడుగు పెట్టనివ్వరు.

మా తమ్ముడి కూతురు బీకాం పాసై, కంప్యూటర్ నేర్చుకుని, పలాసలో జీడి ఫ్యాక్టరీలో పద్దులు రాసుకుంటోంది. ఆ పిల్లకి కనీసం పరీక్ష రాసే అవకాశం రాకుండా చేశారని అడిగాను. “నీకేటి సంబంధం? దరఖాస్తు పెట్టినావేటి?” అన్నాడు అక్కడి పెద్దమనిషి. నేనెందుకు పెడతాను? “పోనీ, ఆ పిల్ల పెట్టిందేటి?” ఖాళీ ఉందని తెలిస్తే కదా పెట్టడానికి! “మరింకేటి గొడవ?” అన్నాడు. వాటా ఉంది బాబూ అంటే, వాటా ఉన్నోడు డివిడెండ్ అడగాలి గానీ ఉద్యోగాల ఊసెందుకన్నాడు. డివిడెండ్ అనే మాట ఆ ఆఫీసులో వినడం నాకదే మొదలు. సోంపేట వెళ్లి ఒక ప్లీడరుని కలిస్తే ఆయనదీ మీ వకీలుగారి పాటే: పిల్లని తీసుకురండి, దరఖాస్తు నకలు తీసుకురండి.

అంటే ఏమిటి? పదిమందికి తెలిసేలా ప్రకటిస్తే ఆ పదిమందికీ ప్రశ్నించే హక్కొస్తుంది. గోడచాటున కానిచ్చేస్తే ఎవరికీ రాదు. ఎంత దాస్తే అంత క్షేమం!

మన కృష్ణా జిల్లా ఎక్సైజ్ సూపరింటెండెంట్ కేసులోనే, 1996లో, సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది కదా. ఎంప్లాయ్‌మెంట్ ఎక్స్ఛేంజి పంపిన పేర్లతో సరిపెట్టొద్దు, పత్రికల్లో, రేడియోలో, టీవీలో ప్రకటించి, వచ్చిన అందర్నీ చూడమంది. సర్కారు కొలువుకి వర్తించిన న్యాయం మా వాటాధనంతో నడిచే కొలువుకి చేదా? సర్వీసు వ్యవహారాల్లో ప్రజాప్రయోజన వ్యాజ్యాలు కుదరవని 1998లో దుర్యోధన సాహు కేసులో అదే కోర్టు అన్న మాట నిజమే. కక్షతో వేసేవాళ్లు, వేసి డబ్బులు గుంజేవాళ్లు మా జిల్లాలోనూ ఉన్నారు. కానీ నేను పరాయివాణ్ణి కాదు. ఇక ఏ అధికారంతో ఆ పదవిలో కూర్చున్నావని నిలదీసే ‘కో వారంటో’ రిట్ అంటారా, అది ప్రజా పదవులకే గానీ గుమాస్తా కుర్చీకి కాదు. సమాచార హక్కు కింద అడుగుదామంటే 2013లో సుప్రీంకోర్టు ఇచ్చిన తలప్పాలం సహకార బ్యాంకు తీర్పు అడ్డం: ప్రభుత్వ సొమ్ముతో గణనీయంగా నడిస్తే తప్ప సహకార సంఘాలు ఆ చట్టం కిందికి రావట.

మిగిలింది మన 1964 నాటి సహకార సంఘాల చట్టం, 61వ సెక్షన్. సంఘం నిర్వహణ మీద సభ్యుడికీ సంఘానికీ మధ్య తగవొస్తే రిజిస్ట్రారు ముందుకి తీసుకెళ్లొచ్చు. జీతగాళ్ల మీద తీసుకునే క్రమశిక్షణ చర్యల్ని అందులోంచి మినహాయించారు. నియామకాల్ని మినహాయించినట్టు నాకైతే కనపడలేదు. కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసులో (1990) మన హైకోర్టు ఫుల్ బెంచి కూడా, సంఘం రాజ్యాంగం చెప్పే ‘రాజ్యం’ (ప్రభుత్వ సంస్థ) కాకపోయినా చట్టం దాని మీద పెట్టిన ప్రజా బాధ్యత నెరవేర్చకపోతే రిట్ వేయొచ్చంది. అది ఉద్యోగుల కోసం చెప్పిన మాటే అనుకోండి. కానీ మీ జవాబులో ఈ రెంటిలో ఒక్కదాని ప్రస్తావనా లేదే!

ఎలాగూ రాస్తున్నాను కాబట్టి ఇదీ చెప్పేస్తాను. నోటిఫికేషన్ పేపర్లో వేశారే అనుకుందాం, మాకు చేరుతుందా? మీరు దాన్ని విశాఖ ఎడిషన్లో వేస్తారు. ఇచ్ఛాపురం వచ్చే కాపీలో ఆ చోట నగల దుకాణం ప్రకటన ఉంటుంది.

సరే, అసలు సంగతికొస్తాను. దరఖాస్తు పెట్టే దారే మూసేసినప్పుడు ఎవరు అడగాలో, 61వ సెక్షన్ కింద సభ్యుడి అర్జీ తీసుకోం అంటే తర్వాత ఏ గుమ్మం ఎక్కాలో మీ వకీలుగారిని ఈసారి కాస్త వివరంగా రాయమనండి. నెలాఖరుకి మళ్లీ వడ్డీ కట్టాలి. వెళ్లేటప్పుడు ఆ కటింగు జేబులో పెట్టుకెళ్తాను.

ఇట్లు,
ఒక సహకార సంఘం సభ్యుడు,
డొంకూరు, ఇచ్ఛాపురం మండలం, శ్రీకాకుళం జిల్లా