ఉచిత సినిమా ఖరీదు 18 వేలు

కిందటి నెల ఓ మధ్యాహ్నం పక్కవాటా వదిన మా ఇంటికొచ్చి ఉలుకూ పలుకూ లేకుండా కూర్చుండిపోయింది. అమ్మాయి కాలేజీ ఫీజుకని చీటీ పాడి బ్యాంకులో వేసుకున్న డబ్బులో 18 వేలు పోయాయిట!

"నాలుగు రోజులైంది. మీ అన్నయ్యకి ఇంకా చెప్పలేదు" అంది.

ఆదివారం అత్తగారికి కొత్త సినిమా చూపిద్దామని ఫోన్లో ఏదో సైటు తెరిచింది. ఎక్కడ నొక్కినా రమ్మీ ప్రకటనే. చివరికి, ఫలానా ప్లేయర్ వేసుకుంటేనే బొమ్మ పడుతుందంటే వేసుకుంది. అది మెసేజీలు చదవడానికి అనుమతి అడిగింది, రూపాయి కట్టమని కార్డు నెంబరూ అడిగింది. అవతల అత్తగారి తొందర! అన్నింటికీ సరేనంది. ఆ తర్వాత బ్యాంకువాళ్ల ఓటీపీలు ఈవిడకంటే ముందు ఇంకెవరో చదివేశారు.

అలాంటి సైట్లు మా ఇంట్లోనూ చూశాం, దాచడమెందుకు? నలుగురం హాలుకెళితే వారం కూరగాయల డబ్బు ఖర్చవుతుంది మరి. టికెట్టు లేనప్పుడు నడిపేవాడికేం గిట్టుబాటని మాత్రం ఎన్నడూ ఆలోచించలేదు. 2025 నవంబరులో ఐబొమ్మ నడుపుతున్నాడన్న ఆరోపణపై హైదరాబాదు సైబర్ క్రైం పోలీసులు ఒకతన్ని అరెస్టు చేశారు. 50 లక్షలమంది వివరాలు అతని దగ్గరున్నాయనీ, జనాన్ని బెట్టింగు యాప్‌లవైపు మళ్లించాడనీ కమిషనర్ సజ్జనార్ అప్పుడు చెప్పారు. ఎర వేసేవాడు చేపని డబ్బులడగడు కదా!

నన్ను ఎక్కువ బాధపెట్టింది వదిన మౌనం. దొంగ సినిమా చూశానని తెలిస్తే తననే జైల్లో పెడతారేమోనని హడలిపోయింది. 2023లో సవరించిన సినిమా చట్టంలో 3 నెలల నుంచి 3 ఏళ్ల జైలు ఉన్నమాట నిజమే. అది సినిమాని దొంగచాటుగా కాపీ తీసి ప్రదర్శించేవాళ్లకి. డబ్బు పోయినవాళ్లు వెంటనే 1930కి ఫోన్ చేస్తే, అవతలి ఖాతాలోంచి దాటిపోకముందే సొమ్ము ఆపే వీలుంటుంది. నాలుగు రోజులు ఆగితే? మేం చేసేసరికి అది ఆ ఖాతా దాటేసింది.

సాయంత్రం అన్నయ్యకి చెప్పడానికి నన్ను తోడు రమ్మంది. అంతా విని ఆయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత తన ఫోను తీసి, ఇందులోనూ అలాంటివి రెండున్నాయి, ఎలా తీసెయ్యాలో చెప్పమ్మా అంటూ కూతుర్ని పిలిచారు.