అది లైట్ మ్యూజిక్ లెండి

మొన్నొక ఆదివారం హైదరాబాదులో నలుగురు సాహిత్య మిత్రులం కూచున్నాం. మాటల్లో పాత రేడియో లలిత గీతాల ప్రస్తావన వచ్చింది. ఒకావిడ వాటి గురించి కాస్త ఇష్టంగా ఏదో చెప్పబోతే, పక్కనున్న పెద్దమనిషి చెయ్యి ఊపి, "అది లైట్ మ్యూజిక్ లెండి" అన్నారు. అంతే, చర్చ ముగిసింది. తిట్టినా బాగుండేది. తిట్టాలంటే కనీసం వినాలి కదా.

నాకు ఒళ్ళు మండింది. ఎందుకు మండిందో చెప్పాలంటే బెర్లిన్ దాకా వెళ్ళి రావాలి.

చదువు కోసం అక్కడున్న రెండేళ్ళూ ఒక ముసలావిడ ఇంట్లో గది అద్దెకు తీసుకున్నాను. రాత్రి సరిగ్గా ఎనిమిదికి ఆవిడ టీవీ పెట్టేది. ముందు గంట మోగినట్టు ఒక శబ్దం, ఆ వెంటనే ఆరు స్వరాల చిన్న బాణీ, ఆ తర్వాత వార్తలు. దాని పేరు 'టాగెస్‌షౌ'. 1952 డిసెంబరు 26న మొదలైన ఈ వార్తలు జర్మన్ ఇళ్ళల్లో సంధ్యాదీపం లాంటివి. ఆ ఆరు స్వరాలు వినపడితే వంటింట్లో ఉన్నవాళ్ళు కూడా చెయ్యి తుడుచుకుంటూ హాల్లోకి వస్తారు. ఒకరోజు ఆవిణ్ణి అడిగాను, ఈ ట్యూన్ ఎవరిదండీ అని. ఆవిడ నవ్వింది. "ఎవరిదేమిటి? టాగెస్‌షౌది!" తర్వాత క్లాసులో అడిగాను. సంగీతశాస్త్రం చదివే కుర్రాణ్ణి కూడా అడిగాను. బేతోవెన్ క్వార్టెట్ల నంబర్లు నిద్రలో చెప్పగలవాడు. అతనికీ తెలీదు.

ఆ బాణీ కట్టినవాడు హాన్స్ కార్స్టె. 1909లో ఫ్రాంకెన్‌తాల్ అనే ఊళ్ళో పుట్టాడు, 1971లో పోయాడు. యుద్ధానికి ముందు బెర్లిన్‌లో డాన్సు పాటలు, సినిమా సంగీతం, గ్రామఫోను రికార్డులు. యుద్ధంలో సైనికుడిగా తూర్పుకి వెళ్ళి, సోవియట్ సేనలకు బందీగా చిక్కి, 1948లో తిరిగొచ్చాడు. మరుసటి ఏడే పశ్చిమ బెర్లిన్‌లో అమెరికన్లు నడిపే 'రియాస్' రేడియోలో లలిత సంగీత విభాగానికి పెద్ద అయ్యాడు, అక్కడి లలిత సంగీత ఆర్కెస్ట్రాకు కండక్టరూ అయ్యాడు. టాగెస్‌షౌ బాణీ అతని 'హామండ్ ఫాంటసీ' అనే రచనలోని చిన్న ముక్క. అతని మరో పాట 1962లో విల్లీ హగారా గొంతులో జర్మన్‌లో వచ్చింది. మరుసటి ఏడు దానికే ఇంగ్లీషు మాటలు రాసి నాట్ కింగ్ కోల్ పాడాడు. అమెరికాలో బిల్‌బోర్డ్ పట్టికలో ఆరో స్థానం దాకా వెళ్ళింది. వేసవి రాగానే సోమరిగా ఊగుతూ అమెరికన్లు ఇప్పటికీ కూనిరాగం తీసే ఆ పాట ఒక జర్మన్ రేడియో ఉద్యోగిదని ఎంతమందికి తెలుసు?

ఒక దేశం రోజూ వినే బాణీ. ఇంకో దేశం ప్రతి వేసవిలో పాడుకునే పాట. రెంటికీ ఒకడే కర్త, అతని పేరు మాత్రం ఎవరికీ అక్కర్లేదు. ఇది మతిమరపు కాదని నా వాదన. ఇదొక ఏర్పాటు. ఆ ఏర్పాటుకి తాళంచెవి 'లైట్' అనే మాట.

జర్మన్లు ఈ పనిని మనకన్నా పద్ధతిగా చేశారు. వాళ్ళ దగ్గర సంగీతం రెండు డబ్బాలు. ఒకటి 'ఇ', అంటే గంభీరమైనది. రెండోది 'ఉ', అంటే వినోదానికి. ఇది కబుర్లలో వాడుకునే తేడా మాత్రమే కాదు. స్వరకర్తలకు రాయల్టీలు పంచే 'గేమా' సంస్థ లెక్కల్లోకే ఎక్కింది. ఒకే నిడివి ఉన్న రెండు రచనల్లో గంభీరమైనదానికి పాయింట్లు ఎక్కువ, వినోదానికి తక్కువ. జనం తక్కువగా వినే సంగీతాన్ని బతికించడానికే ఆ ఏర్పాటు అంటారు. ఒప్పుకుంటాను, అది మంచి ఉద్దేశమే. కానీ సాయం చెయ్యడానికి గీసిన గీత మెల్లగా గౌరవానికి కొలబద్ద అయి కూచుంది. రియాస్‌నే తీసుకోండి. ఒకే రేడియోకి సింఫనీ ఆర్కెస్ట్రా ఉంది, లలిత సంగీత ఆర్కెస్ట్రా ఉంది, డాన్సు ఆర్కెస్ట్రా ఉంది. సింఫనీకి కండక్టరు ఫెరెంత్స్ ఫ్రిచాయ్. ఆయన రికార్డింగులు ఇప్పటికీ కొత్త కొత్త పెట్టెల్లో అమ్ముడవుతున్నాయి. డాన్సు ఆర్కెస్ట్రాని నడిపిన వెర్నర్ ముల్లర్, లలిత సంగీతాన్ని నడిపిన కార్స్టె మాత్రం పాత రికార్డులు పోగేసేవాళ్ళ అరల్లో ఉన్నారు.

మా ఓనరమ్మ చిన్నప్పుడు తూర్పు బెర్లిన్‌లో పెరిగింది. అక్కడి ప్రభుత్వానికి రియాస్ అంటే శత్రువు గొంతు. ఆ ప్రసారాలు వినపడకుండా అడ్డు తరంగాలు పంపేవాళ్ళు. అయినా వాళ్ళ నాన్న కిటికీలు మూసి, సౌండు బాగా తగ్గించి, రేడియోకి చెవి ఆనించి వినేవాడట. "వార్తల కోసమేనా?" అన్నాను. ఆవిడ కాస్త ఆలోచించి, "వార్తలు ఐదు నిమిషాలు. మిగతాదంతా పాటలేగా. నాన్న పాటలకే కూచునేవాడు" అంది. పక్కింటివాళ్ళు చెబితే ఉద్యోగం ఊడుతుందేమోనని భయపడుతూనే ఆ మనిషి విన్నది సింఫనీ కాదు. అది 'లైట్ మ్యూజిక్ లెండి'. ఆ వినడంలో ఏ తేలికతనం ఉందో నాకు అర్థం కాలేదు.

ఇక్కడిదాకా చదివి, పాపం ఒక మరుగున పడిన కళాకారుడికి న్యాయం చేస్తున్నాను అనుకుంటున్నారేమో. అదే అయితే ఈ వ్యాసం రాయక్కర్లేదు, ఒక నివాళి పోస్టు చాలు. నా కోపం అంతకన్నా పెద్దది. 'లైట్' అనే మాట అవమానం ఒక్కటే కాదు, అది క్షమాపత్రం కూడా. తేలిక అన్నాక పేరు అడగం. పేరు అడగనప్పుడు లెక్కా అడగం.

కార్స్టె బెర్లిన్‌లో పాటలు కట్టిన 1930లు ఎలాంటివి? 1933 చివర్లో నాజీలు సంగీతకారులందరికీ ఒక ప్రభుత్వ మండలి పెట్టారు. దాంట్లో సభ్యత్వం లేకపోతే వృత్తి లేదు. యూదులకి సభ్యత్వం లేదు. 1935 అక్టోబరులో రేడియోలో జాజ్‌ని నిషేధించారు. బెర్లిన్, వియన్నాల లలిత సంగీతంలో సగం ప్రాణం యూదు స్వరకర్తలది, గీతకర్తలది. వాళ్ళు వెళ్ళిపోయారు, లేదా చంపబడ్డారు. వాళ్ళు ఖాళీ చేసిన కుర్చీల్లో మిగతావాళ్ళు కూచున్నారు. అలా కూచున్న ప్రతివాడూ రాక్షసుడు అనను. కానీ ఆ కుర్చీ ఎలా ఖాళీ అయిందో ప్రతివాడికీ తెలుసు.

గోబెల్స్‌కి మన పెద్దమనిషికి లేని తెలివి ఒకటి ఉంది. లైట్ మ్యూజిక్ బరువెంతో అతనికి తెలుసు. రేడియో విసుగు పుట్టించకూడదన్నది అతని సూత్రం. 1939 అక్టోబరులో సైనికులు కోరిన పాటల కార్యక్రమం మొదలైంది, ఇంటికీ యుద్ధరంగానికీ మధ్య అదే వారధి. యుద్ధం ముదిరేకొద్దీ రేడియోలో ఉపన్యాసాలకన్నా పాటలే పెరిగాయి. డాన్సు, వినోద సంగీతం కోసమే అతని ఆదేశం మీద ఒక పెద్ద ఆర్కెస్ట్రా పుట్టింది. దాన్ని నడిపినవాళ్ళలో ఒకడు ఫ్రాంట్స్ గ్రోటె. 1933 నుంచీ నాజీ పార్టీ సభ్యుడు. యుద్ధం తర్వాత? హాయిగా సినిమాలకు సంగీతం చేశాడు, టీవీలో ఆర్కెస్ట్రా నడిపాడు, గేమా పర్యవేక్షక మండలికి అధ్యక్షుడయ్యాడు. కండక్టర్ ఫుర్ట్‌వెంగ్లర్ హిట్లర్ ముందు వాయించినందుకు ఎన్ని పుస్తకాలొచ్చాయో, ఎన్ని నాటకాలొచ్చాయో చూడండి. గంభీర సంగీతం కాబట్టి అతణ్ణి బోనులో నిలబెట్టారు. గ్రోటెది లైట్ మ్యూజిక్ కదా, పోనిద్దురూ!

పేరు తీసెయ్యడం ఎంత సులువో నాజీలకి ఆపరెట్టాలతో బాగా అర్థమైంది. ఫ్రాంట్స్ లెహార్ ఆపరెట్టాలంటే హిట్లర్‌కి ఇష్టం. వాటిలో 'చిరునవ్వుల దేశం' లాంటి వాటికి మాటలు రాసినవాళ్ళలో ఫ్రిట్స్ లోనర్-బేడా ఒకడు, యూదుడు. ఏం చేశారు? పాటలు ఆడించారు, పేరు చెరిపేశారు. ఊరంతా అతని మాటలు పాడుకుంటుండగా, 1942లో అతను ఆష్విట్స్‌లో చనిపోయాడు. 'పాట బాగుంటే చాలు, ఎవరు రాస్తే ఏంటి' అని మనం ఎంతో రసికతగా అంటాం చూడండి, ఆ మాట ఎక్కడిదాకా వెళ్ళగలదో ఇదీ.

ఇంకో మనిషి పేరు చెప్పాలి, ఇది మన ఇంటి సంగతి. తెల్లవారుజామున ఆకాశవాణి మొదలయ్యే ముందు వచ్చే ఆ వయొలిన్ బాణీ మీ అమ్మానాన్నలనడిగితే వెంటనే కూనిరాగం తీస్తారు. అది వాల్టర్ కాఫ్‌మన్ కట్టిందని చెబుతారు. 1907లో కార్ల్స్‌బాద్‌లో జర్మన్ మాట్లాడే యూదు కుటుంబంలో పుట్టి, బెర్లిన్‌లో సంగీతం చదివి, 1934లో బొంబాయి వచ్చి చేరాడు. అక్కడి రేడియోలో పాశ్చాత్య సంగీతం చూసుకున్నాడు. కార్స్టెకీ అతనికీ వయసులో రెండేళ్ళే తేడా. ఒకడు ఉండిపోయాడు, ఒకడు వెళ్ళిపోవాల్సి వచ్చింది. ఇద్దరూ చెరొక దేశానికి రోజువారీ బాణీ ఇచ్చారు. ఆ రెండు దేశాలూ ఆ ఇద్దరి పేర్లనీ మర్చిపోయాయి. అయితే ఈ రెండు మర్చిపోవడాలూ ఒకటి కావు. ఒకదాంట్లో ఒక శరణార్థికి మనం పడ్డ బాకీ ఎగ్గొట్టాం. రెండోదాంట్లో ఒక సమాజం తనను తాను అడుక్కోవలసిన ప్రశ్నని ఎగ్గొట్టింది. పేర్లు చెప్పకపోతే ఈ తేడా కూడా తెలీదు.

ఈ మాట అనగానే మన మిత్రులు అడోర్నోని బయటికి తీస్తారని నాకు తెలుసు. మూసలో పోసిన సంగీతం, ముందే నమిలి పెట్టిన వినికిడి, వగైరా. అడోర్నో నాజీల వల్ల దేశం విడిచి వెళ్ళి 1949లో తిరిగొచ్చిన మనిషి. అతని కోపానికి కారణం ఉంది. కానీ 1962లో అతను వేసిన సంగీత సమాజశాస్త్రం పుస్తకం తెరిచి చూడండి, లైట్ మ్యూజిక్ మీద ఒక అధ్యాయం మొత్తం ఉంది. అంటే అతను దాన్ని పట్టించుకున్నాడు, దాంతో పోట్లాడాడు. మనవాళ్ళు అతని తీర్పు మాత్రం తెచ్చుకుని, విచారణ అక్కడే వదిలేశారు.

ఇంకో దొంగదారి కూడా ఉంది. 'హామండ్ ఫాంటసీ'ని కార్స్టె సోవియట్ బందీఖానాలో ఉండగా ఊహించాడని ఒక కథ చెబుతారు. టాగెస్‌షౌ గురించి ఎవరు రాసినా ఈ కథ తప్పదు. ఎందుకో తెలుసా? జైలు కథ తగిలిస్తే తేలిక సంగీతానికి కాస్త బరువొస్తుంది, పరువొస్తుంది. నాకీ జాలి వద్దు. మంచి జీతానికి, స్టూడియోలో, మధ్యాహ్నం కాఫీ తాగి కట్టినా ఆ ఆరు స్వరాలు అంతే బాగుంటాయి. రోజూ వింటున్నా విసుగు పుట్టకుండా ఆరు స్వరాలు పేర్చడం ఎంత కష్టమో, ఒక్క మంచి నినాదం రాయడానికి తంటాలు పడ్డవాణ్ణి అడగండి. 2012లో ఆ బాణీ తీసేస్తారని పుకారు పుడితే జర్మనీలో గోల గోల అయింది. 2014లో వాయిద్యాల కూర్పు మార్చారు గానీ బాణీ జోలికి పోలేదు.

మన దగ్గర ఆ మాటకి అందమైన అనువాదం ఉంది, లలిత సంగీతం అని. రజనీకాంతరావు గారిలాంటి వాగ్గేయకారులు ఆకాశవాణి ఉద్యోగులుగానే దాన్ని పెంచారు. వాళ్ళ గురించి మనం చెప్పుకునేది ఎక్కువగా సన్మాన పత్రాల భాషలోనే. ఎవరు కట్టారు, ఏ వాయిద్యాలు వాడారు, ఎవరు వయొలిన్ పట్టుకున్నారు, పై అధికారి ఏ పాట వద్దన్నాడు, ఎందుకు వద్దన్నాడు? ఒక కవిత మీద పది పేజీలు రాసే మనం, ఒక తరాన్ని పొద్దున్నే నిద్రలేపిన పాట మీద ఒక పేజీ రాయం.

బెర్లిన్ వదిలి వచ్చే ముందు రోజు రాత్రి ఎనిమిదికి ఓనరమ్మకి కార్స్టె పేరు చెప్పాను. రియాస్ సంగతి చెప్పాను, అంతకు ముందు సంగతీ చెప్పాను. ఆవిడ వార్తలు అయిపోయేదాకా ఏమీ మాట్లాడలేదు. తర్వాత, "అయితే నాన్న విన్నది ఇతన్నేనేమో" అంది. కాసేపాగి, "ఆ ముందు ఏళ్ళల్లో నాన్న ఏం వినేవాడో నేనెప్పుడూ అడగలేదు" అంది.

ఆదివారం ఆ పెద్దమనిషికి నేను ఇవ్వాల్సిన జవాబు ఇది. అప్పుడు నోరు పెగల్లేదు. ఈసారి ఎవరైనా "అది లైట్ మ్యూజిక్ లెండి" అంటే వదిలిపెట్టను. ఎవరు కట్టారండీ? ఎప్పుడు? ఎవరి జీతం మీద? ఆ కుర్చీలో అంతకు ముందు ఎవరు కూచున్నారు? ఇవన్నీ అడుగుతాను. మీరూ అడగండి.