తుపాకి ఒకరి చేతికి, పట్టా ఇంకొకరి చేతికి

వర్జీనియా అంటే మన ప్రకాశం, గుంటూరు జిల్లాల్లో పొగాకు పేరు. ఆకు అల్లే కూలి తల్లులకు కూడా ఆ మాట తెలుసు. అసలు అది అమెరికాలో ఒక రాష్ట్రం పేరు. 1607లో ఇంగ్లీషువాళ్లు అక్కడ జేమ్స్‌టౌన్ అనే ఊరు కట్టుకున్నారు. తర్వాత పొగాకు వేశారు. పొగాకుకు భూమి కావాలి, కూలీ కావాలి. భూమి మూలవాసులది, అంటే మనం పుస్తకాల్లో రెడ్ ఇండియన్లని చదువుకున్న వాళ్లది. దాన్ని చాలావరకు యుద్ధం చేసి లాక్కున్నారు. కూలీకి ఇంగ్లండు బీదోళ్లను ఏళ్ల ఒప్పందం మీద తెచ్చారు, మన జీతగాళ్ల లాగా. ఆఫ్రికా నుంచి నల్లవాళ్లను సంకెళ్లేసి తెచ్చారు.

బడి పుస్తకాల్లో అమెరికా కథ 1776లో మొదలవుతుంది. మనుషులంతా సమానమేనని ఆ ఏడు ప్రకటించుకున్నారు, నిజమే. కానీ అంతకు ముందు నూట నలభై ఏళ్ల యుద్ధాలున్నాయి. ఎవడు మనిషి, ఎవడు కాదు, భూమి ఎవడిది, తుపాకి ఎవడు పట్టొచ్చు అన్నది ఆ యుద్ధాల్లోనే చాలావరకు తేలిపోయింది. 1787లో రాసుకున్న రాజ్యాంగం దానికి ముద్ర వేసింది. ఆ సంగతి మన వాడల్లో చెప్పుకోవాల్సిన అవసరం ఉంది.

1637లో పీకాట్ అనే తెగ కోటను ఇంగ్లీషువాళ్లు తగలబెట్టారు. ఆడవాళ్లు, పసిపిల్లలతో సహా వందలమంది మాడిపోయారు. ఆ రోజు ఇంగ్లీషువాళ్ల పక్కన నిలబడింది ఎవరు? నర్రగాన్సెట్ అనే ఇంకో మూలవాసి తెగ. మరి వాళ్లకు దక్కిందేంటి? 1675 డిసెంబరులో అదే ఇంగ్లీషువాళ్లు నర్రగాన్సెట్ల కోటను కూడా తగలబెట్టారు. అప్పుడు వాంపనాగ్ నాయకుడు మెటాకామ్ ఇంగ్లీషువాళ్ల మీద తిరగబడి ఉన్నాడు. 1676లో అతన్ని చంపి, తల నరికి, ప్లిమత్ ఊళ్లో గుంజకు గుచ్చి ఏళ్ల తరబడి ఉంచారు. చేజిక్కిన వాళ్లలో వందలమందిని ఓడలెక్కించి బానిసలుగా అమ్మారు.

అదే 1676లో వర్జీనియాలో ఇంకో మంట లేచింది. నతానియేల్ బేకన్ అనే యువ దొర మూలవాసుల మీద దాడికి మందిని పోగుచేశాడు. గవర్నరు ఒప్పుకోలేదు. ఆ మంది గవర్నరు మీదికే తిరిగింది. అందులో బీద తెల్లోళ్లున్నారు, ఒప్పందపు జీతగాళ్లున్నారు, నల్ల బానిసలున్నారు. జేమ్స్‌టౌన్‌ను కాల్చేశారు. బేకన్ రోగమొచ్చి చచ్చాడు. చివరిదాకా ఆయుధం దించనన్న గుంపులో ఎనభై మంది నల్లవాళ్లు, ఇరవై మంది తెల్ల జీతగాళ్లు ఉన్నారు. బేకన్‌ను మనం నెత్తికెత్తుకోనక్కర్లేదు. అతని చూపంతా మూలవాసుల మీదే. కానీ తోటల దొరలకు వణుకు పుట్టించింది ఆ వందమంది కలయిక.

అంతకు ముందే మొదలైన బానిస చట్టాలు ఆ తర్వాత ఇంకా బిగుసుకున్నాయి. 1705లో వర్జీనియా వాటన్నిటినీ ఒక్క పెద్ద చట్టంగా కట్టింది. ఒప్పందం తీరిన తెల్ల జీతగాడికి మొక్కజొన్నలు, డబ్బుతో పాటు ఒక తుపాకి ఇవ్వాలి. బానిస ఆయుధం ముట్టకూడదు. బానిస పెంచుకున్న గొడ్డూ గోదా గుంజుకుని అమ్మి, ఆ డబ్బు ఆ చుట్టుపక్కల బీదలకు పంచాలి. నల్లవాడు, బానిస కాకపోయినా సరే, తెల్లోడి మీద చెయ్యెత్తితే ముప్ఫై కొరడా దెబ్బలు. దొర తోట దొరకే ఉంది. బీద తెల్లోడికి మాత్రం కాలి కింద ఒక మనిషిని చూపించారు. బాబాసాహెబ్ చెప్పిన నిచ్చెనమెట్ల అసమానత తెలిసిన మనకు ఈ ఎత్తు అర్థం కాకుండా పోతుందా?

తర్వాత 1754లో ఇంగ్లీషువాళ్లకు, ఫ్రెంచివాళ్లకు ఒహాయో లోయ భూముల మీద తగువొచ్చింది. అది పెరిగి ఖండాలు దాటింది. మన తెలుగునేల మీదా జరిగింది. 1758లో గొల్లప్రోలు దగ్గర చందుర్తిలో ఇంగ్లీషు కంపెనీ ఫ్రెంచివాళ్లను ఓడించింది, 1759లో మచిలీపట్నం పట్టుకుంది. అక్కడ వర్జీనియా గవర్నరు సైన్యంలో చేరినోళ్లకు రెండు లక్షల ఎకరాలు పంచుతానన్నాడు. పంపకం ఏళ్ల తరబడి సాగింది. చివరికి పెద్ద పెద్ద ముక్కలు అధికార్లకు పోయాయి. కొందరు సైనికులు తమ వాటా హక్కు అమ్మేసుకున్నారు. అలా కొన్నవాళ్లలో జార్జి వాషింగ్టన్ ఒకడు. అతని పేరుకే ఇరవై వేల ఎకరాలు దాటాయి.

ఆ యుద్ధం ఇంగ్లండు రాజు నెత్తిన పెద్ద అప్పు పెట్టింది. 1763లో అతడు కొండలకు అవతల మూలవాసుల భూముల్లోకి పోవద్దని ఆజ్ఞ ఇచ్చాడు. 1765లో ఇంగ్లండు పార్లమెంటు స్టాంపు పన్ను వేసింది. పన్ను మీద కోపమే మనకు చెబుతారు. ఆ కోపంలో భూమి ఆశ కూడా ఉందని చెప్పరు.

1775లో రాజు మీద యుద్ధం మొదలయింది. వర్జీనియా గవర్నరు డన్‌మోర్ ఒక ప్రకటన చేశాడు: తిరగబడ్డ దొరల బానిసలు రాజు పక్షాన ఆయుధం పడితే విడుదల. అది దయ కాదు, అతనికీ బానిసలున్నారు. అయినా వేలమంది పారిపోయి వచ్చారు. వాషింగ్టన్ ఇంటి బానిస హ్యారీ కూడా వాళ్లలో ఉన్నాడు. ఇటు అమెరికా పక్షాన ఐదు వేలమంది దాకా నల్లవాళ్లు పోరాడారు. ఒనైడా తెగవాళ్లూ అమెరికా పక్షానే నిలిచారు. యుద్ధం అయ్యాక న్యూయార్క్ రాష్ట్రం ఆ ఒనైడాల భూమే చాలావరకు రాయించుకుంది. బీద తెల్ల సైనికులకు జీతం కింద కాగితాలిచ్చారు. వాళ్లవి చిల్లరకి అమ్ముకుని, అప్పుల కింద భూములు పోతుంటే 1786లో మసాచుసెట్స్ రైతులు కోర్టులు మూయించారు. ఆ తిరుగుబాటునూ అణిచారు.

1787లో యాభై ఐదుగురు కూర్చుని రాజ్యాంగం రాశారు. వాళ్లలో నల్లవాడు లేడు, మూలవాసి లేడు, ఆడమనిషి లేదు. సీట్ల లెక్కకు ఐదుగురు బానిసల్ని ముగ్గురుగా లెక్కేశారు. ఓటు బానిసకు కాదు, బలం దొరకు. పారిపోయిన బానిసను తిరిగి అప్పగించాలన్నారు. 1790లో పరాయి దేశం నుంచి వచ్చినవాడు పౌరుడు కావాలంటే తెల్లవాడై ఉండాలన్నారు. 1792లో రక్షణ దళంలో చేరాల్సింది తెల్లవాళ్లేనని చట్టం చేశారు. ఐదు వేలమంది నల్లవాళ్లు పోరాడిన యుద్ధం ముగిసి అప్పటికి తొమ్మిదేళ్లే! ఉత్తరాన కొన్ని రాష్ట్రాలు బానిసత్వాన్ని మెల్లగా వదిలించుకున్న మాట నిజమే. దేశం మొత్తం మీద అది పోవడానికి 1865 దాకా, ఇంకో పెద్ద యుద్ధం దాకా ఆగాల్సి వచ్చింది. ఆ విడుదలను చూసే మహాత్మా ఫూలే 1873లో తన ‘గులాంగిరి’ పుస్తకాన్ని అమెరికా ప్రజలకు అంకితమిచ్చాడు.

1781లో వాషింగ్టన్‌కు లొంగిపోయిన ఇంగ్లీషు సేనాని కారన్‌వాలిస్ 1786లో మన దేశానికి గవర్నర్ జనరల్‌గా వచ్చాడు. 1793లో బెంగాల్ భూములను జమీందార్లకు శాశ్వతంగా కట్టబెట్టాడు. 1802 నుంచి అదే పద్ధతి మన సర్కారు జిల్లాలకూ దిగింది. అక్కడ ఓడినా ఇక్కడ గెలిచినా దున్నేవాడికి మాత్రం ఏమీ రాలేదు.

అన్నలారా, అక్కలారా! ప్రాణమిచ్చినోడికి వాటా దానంతట అదే రాదు. రాసేచోట మనవాడు ఉండాలి. మన రాజ్యాంగం రాసేచోట బాబాసాహెబ్ ఉన్నాడు కాబట్టే అంటరానితనం నేరమన్న మాట అందులో చేరింది. రేపు ఎవరైనా మన చేతికి జెండా ఇచ్చి ముందు నడవమంటే నడుద్దాం. పట్టా ఎవరి పేర రాస్తారో మాత్రం నడవక ముందే అడుగుదాం. పక్క వాడ మీదికి మనల్ని ఉసిగొల్పితే, నర్రగాన్సెట్లను తలుచుకుందాం.

జై భీమ్!