కొసరు గంపలోనిదా, చిట్టాలోనిదా?

మా రెడ్డిగూడెము ప్రాంతమున వేసవి వచ్చినదనగా ప్రతి యింటను మామిడి మాటయే. తోటలవారు కాయను నున్న మార్కెట్టునకు టన్నుల లెక్కన తోలుదురు. ఇంటి ఆవకాయకు మాత్రము మనము నేటికిని కాయల లెక్కననే బేరమాడుదుము. బేరము తెగిన పిమ్మట నాలుగు కాయలు పైన వేయించుకొననిదే యే యిల్లాలికిని తృప్తి యుండదు. దానినే కొసరందుము. కొసరు హక్కు కాదు. అడిగి పుచ్చుకొనెడి మర్యాద. అయినను గంపలో పడిన మఱుక్షణమున నది మనది. అందులో రెండు కాయలు పొరుగింటి పిన్నిగారికిచ్చినను, కూతురి యత్తవారింటికి పంపినను, ఏల పంపితివని తోటవాడు మన నడుగడు.

ఇప్పుడు సెల్‌ఫోనులో సరకులు కొను సోదరీమణులకు మఱియొక విధమైన కొసరు లభించుచున్నది. దానికి రివార్డు పాయింట్లనియు, కాయిన్లనియు, విమానములవారి వద్ద మైళ్ళనియు పేర్లు. ఈ పాయింట్లను భర్త ఖాతానుండి భార్య ఖాతాకు గాని, కొడుకు ఖాతానుండి తల్లి ఖాతాకు గాని మార్చుకొనవచ్చునా యని యీ నడుమ పలువురు నన్నడుగుచున్నారు. మావారు బడిపంతులగుటచేత, సన్నని యక్షరములలోని నిబంధనలు చదివి యర్థము చెప్పు పని మా యింటికి వచ్చుట వాడుక. చదివినంతలో తేలినది చెప్పెదను. చాలవఱకు మార్చుకొనరాదు. ఎందుచేత రాదో, అందుకు గృహిణి యేమి జాగ్రత్త పడవలయునో యీ నెల ముచ్చటింతము.

మా వీధి చివరనున్న యొకావిడ సంగతి వినుడు. పాలమ్మిన డబ్బుతో మూడేండ్లుగా పిల్లల బట్టలును, వంటపాత్రలును కొడుకు ఫోనులోనే కొనుచు వచ్చెను. కొడుకు ఖాతాలో పదునెనిమిది వందల పాయింట్లు చేరినవి. అతనికి హైదరాబాదులో నుద్యోగమై ఫోనుతోకూడ వెడలిపోయెను. ఆమె తనకొక ఫోను కొనుక్కొని, పాత పాయింట్లు తన ఖాతాకు మార్చుడని ఆ కొట్టువారి నడిగించెను. పేరు వేఱు, నంబరు వేఱు, కనుక వీలుపడదని జవాబు వచ్చెను. "వదినగారూ, డబ్బు నాది, బేరము నాది, పాయింట్లు మాత్రము వాడివెట్లైనవి?" అని ఆమె నన్నడిగెను. ఆ ప్రశ్నలో న్యాయమున్నది. కాని జవాబు నిబంధనలలో నున్నది.

దానము సంగతి మన పెద్దలు బహు సూక్ష్మముగా విచారించిరి. ధర్మశాస్త్రములలోని పదునెనిమిది వ్యవహారపదములలో ఇచ్చినదానిని మరల పుచ్చుకొనుటను గూర్చిన వివాదమొకటి. నారదస్మృతిలో దానికి దత్తాప్రదానికమని పేరు. నేటి చట్టమును ఇంచుమించుగా నా దారినే నడచుచున్నది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టము ప్రకారము చరవస్తువును దానమిచ్చుటకు దస్తావేజు లేకున్నను, వస్తువును చేతికప్పగించినచో చాలును, పుచ్చుకొనువారంగీకరింపవలెను. మామిడికాయ గంపలో పడినది, మన మంగీకరించితిమి, దానము ముగిసినది. పాయింటు సంగతి యట్లు కాదు. అది మన చేతికెన్నడును రాదు. వర్తకుని చిట్టాలో మన పేరున వ్రాసిన యంకెగా నచ్చటనే యుండును. అది వస్తువు కాదు, ముందు కొనుగోలులో కొంత తగ్గింతునను మాట మాత్రమే. ఆ మాట నెవరికిచ్చెనో వారికే చెల్లుననియు, ఇంత గడువులో వాడకున్న పోవుననియు, నియమములు మార్చు నధికారము తనదేననియు వర్తకుడు ముందే వ్రాసుకొనును. మనము చదువకయే 'అంగీకరించితిని' అను చోట వ్రేలుంచుదుము.

ఈ వివాదము మనతో పుట్టినది కాదు. అమెరికాలో 1896లో స్పెర్రీ, హచిన్సన్ అను నిరువురు వర్తకులు పచ్చస్టాంపుల పద్ధతి మొదలిడిరి. సరకు కొన్నపుడెల్ల కొట్టువారు చిన్న స్టాంపులిచ్చుచుండిరి. ఇల్లాండ్రు వానిని పుస్తకములలో నంటించి, పుస్తకములు నిండిన పిదప గిన్నెలో, దీపములో, దుప్పట్లో పుచ్చుకొనుచుండిరి. ఇతర సంస్థల స్టాంపులును బయలుదేరగా, ఒక జాతి స్టాంపులు పుచ్చుకొని వేఱొక జాతివి ఇచ్చు మార్పిడి యంగళ్ళు వెలసినవి. కంపెనీవారు దీని నొప్పుకొనక, స్టాంపులపై స్వామ్యము తమదేయని పుస్తకములపై నచ్చువేయించి, ఆ యంగళ్ళపై కోర్టుల కెక్కిరి. ఇది యన్యాయమని ఆ దేశపు వాణిజ్య కమీషను కంపెనీని నిషేధించెను. ఆ తగవు సుప్రీముకోర్టు దాక వెళ్ళెను. 1972లో కోర్టు, కమీషను చూపిన కారణములపై ఆ యాజ్ఞ నిలువదని చెప్పి, పునర్విచారణకు పంపెను. కాని కొనుగోలుదారులకు జరుగు నన్యాయమును విచారించు నధికారము కమీషనుకు కలదనియు పలికెను. కాగితపు స్టాంపు పుస్తకములో అంటించి యింట దాచుకొన్న స్త్రీకే యంత చిక్కు వచ్చినపుడు, కంటి కగుపడని పాయింటు సంగతి చెప్పనేల?

వర్తకుడు మార్పిడి నేల యొప్పుకొనడు? కారణములు మూడు. మొదటిది: వాడని పాయింట్లు అతని లెక్కలో బాకీ. గడువు తీరి పోయినవి అతనికి మిగులు. నలుగురి వద్ద చెదరియున్న కొద్దికొద్ది పాయింట్లు ఒకచోట చేరినచో నవి తప్పక ఖర్చగును. రెండవది: మార్పిడి యున్నచోట అమ్మకము పుట్టును, బయట పాయింట్ల బజారు వెలయును. మూడవది: ఒకరి ఖాతాలో దొంగ చొరబడినచో క్షణములో పాయింట్లన్నియు తన ఖాతాకు తోడుకొనును. ఈ మూడవ కారణము మన మేలుకును పనికివచ్చునదే.

అన్నిచోట్ల నొకే నియమము లేదు. అంగళ్ళవారి కాయిన్లు సామాన్యముగా పేరుగల ఖాతాను విడిచి పోవు. టాటావారు 2022 ఏప్రిలు 7న ప్రారంభించిన టాటా న్యూ పథకమున న్యూకాయి నొకటికి రూపాయి విలువ యుండుటచేత చాలమంది దానిని డబ్బే యనుకొందురు. కాని బ్యాంకులో వేసి తీసికొనెడి రూపాయి యది కాదు. బహుమతి కార్డుల సంగతి రిజర్వుబ్యాంకే విధించినది. 2021 ఆగష్టు 27 నాటి ఆదేశముల ప్రకారము అట్టి కార్డు పదివేల రూపాయలకు మించరాదు, అందులో మరల డబ్బు నింపరాదు, అందలి సొమ్మును నగదుగా తీయుటకు గాని మఱియొకరికి పంపుటకు గాని వీలులేదు. కావున కార్డునంకెను ఎవరి ఖాతాలో ఎక్కింతురో ముందే యాలోచింపవలెను. ఎక్కించిన పిదప వెనుకకు రాదు.

విమానముల మైళ్ళు వేఱు తీరు. డబ్బెవరు కట్టినను, ఎక్కి కూర్చుండినవారి పేరుననే మైళ్ళు చేరును. అమెరికాలోని కొడుకు టికెట్లు కొన్నను తల్లి ప్రయాణపు మైళ్ళు తల్లివే. కావున పురిటికో, మనుమల యోణీలకో సముద్రము దాటి వెళ్ళు అమ్మమ్మలు ప్రయాణమునకు ముందే తమ పేర ఖాతా తెఱచుకొనుట మేలు. టికెట్టు మీదను, పాస్‌పోర్టు మీదను, ఖాతాలోను పేరొక్క తీరున నుండవలెను. కొన్ని సంస్థలు కుటుంబ సభ్యుల మైళ్ళను ఒక రాశిగా కూర్చుకొననిచ్చును. కొన్ని సుంకము పుచ్చుకొని మార్చును. ఆ సుంకము మైళ్ళ వెలకు మించకుండ చూచుకొనవలెను. 2024 నవంబరు 12న విస్తారా సంస్థ ఎయిరిండియాలో లీనమైనపుడు, పాత సభ్యుల పాయింట్లు కొత్త పథకములోనికి మార్చబడినవి. కంపెనీ తలచినచో మార్పిడి సాధ్యమే యనుటకు నిదియే దృష్టాంతము. అది కంపెనీ యిష్టముపై జరుగునది గాని మన యిష్టముపై జరుగునది గాదు.

ఇక స్త్రీల విషయమున ముఖ్యమైన మాట. భర్తగారి క్రెడిట్ కార్డునకు అనుబంధముగా భార్య పేర నింకొక కార్డిచ్చుట కలదు. ఆమె యెంత కొన్నను పాయింట్లు సామాన్యముగా మూలకార్డు ఖాతాలోనే జమయగును. వానిని విమాన ఖాతాకు మార్చునపుడును మూలకార్డుదారుని పేరుననే ఖాతా యుండవలెనని పలు బ్యాంకుల నియమము. స్త్రీధనమను మాట మనకు ప్రాచీనమైనది. 1956 నాటి హిందూ వారసత్వ చట్టము పదునాలుగవ సెక్షను స్త్రీ స్వాధీనమందలి యాస్తిపై ఆమెకు సంపూర్ణ హక్కు నిచ్చినది. కాని పేరే లేనిచోట హక్కెక్కడ? మఱియు బ్యాంకులోని డిపాజిట్టునకు 2025 నవంబరు 1నుండి నలుగురివఱకు నామినీలను వ్రాసికొనవచ్చును. పాయింట్లకు సామాన్యముగా నామినీ లేడు. ఖాతాదారుడు మరణించినచో పలు పథకములలో నవియును రద్దగును. దుఃఖములో నున్న యిల్లాలు వాని కొఱకై కాగితములు పట్టుకొని తిరుగునా? కనుక నింటికి కొనునది మీరైనచో మొదటినుండియు మీ పేర, మీ నంబరుతో ఖాతా తెఱువుడు. ఇది పేరాశ కాదు, లెక్క.

ఈ మార్పిడి యాశను కనిపెట్టిన దొంగలును గలరు. స్టేట్‌బ్యాంకు పేర, "మీకు 9,980 రూపాయల రివార్డు పాయింట్లున్నవి, నేటితో గడువు తీరును, ఈ యాప్ వేసికొని తీసికొనుడు" అని వచ్చిన సందేశము బూటకమని కేంద్ర ప్రభుత్వపు పి.ఐ.బి. వారు 2024లో హెచ్చరించిరి. అట్టి లంకెలను గాని, ఏ.పి.కె. ఫైళ్ళను గాని బ్యాంకు ఎన్నడును పంపదు. ఆ ఫైలును తెఱచి యనుమతి నిచ్చినచో మన ఫోనుకు వచ్చు ఓ.టి.పి. దొంగ చదువును. ఒక్క కూడిక చేసినచో మోసము తెల్లమగును. స్టేట్‌బ్యాంకు పథకమున పాయింటునకు పావలా వెల. 9,980 రూపాయలకు 39,920 పాయింట్లు కావలెను. ఇన్నూరు రూపాయల కొనుగోలునకు రెండేసి పాయింట్లనుకొన్నను, దానికై దాదాపు నలుబది లక్షలు ఖర్చుచేసి యుండవలెను. మనలో నెవరు చేసితిమి?

పొరపాటున వలలో పడినచో సిగ్గుపడి దాచరాదు. వెంటనే 1930 నంబరునకు ఫోను చేసి, బ్యాంకునకును తెలుపవలెను. 2017 జూలైలో రిజర్వుబ్యాంకు విధించిన నియమమున, మన యజాగ్రత్తవలన పోయిన సొమ్ము బ్యాంకునకు తెలుపువఱకు మన నష్టము. తెలిపిన పిదప పోయినది బ్యాంకు నష్టము. ఇంట్లో తిట్టుదురని తెల్లవారువఱకు ఆగిన గంటలే మిక్కిలి ఖరీదైనవి. న్యాయముగా రావలసిన పాయింట్లు రాకున్నచో వినియోగదారుల సహాయమునకు 1915 నంబరు గలదు.

మా వీధి ఆవిడకు తోవ దొరకినది. పాయింట్లు కదలవు గాని సరకు కదలును. కొడుకు తన ఖాతాలోనే పాయింట్లు వాడి ఒక ప్రెషరు కుక్కరు కొని, చేర్చవలసిన చిరునామాగా రెడ్డిగూడెములోని తల్లి యిల్లు వ్రాసెను. నియమము తప్పలేదు, తల్లికి దక్కవలసినది దక్కెను. చాల యిండ్లలో నీ యుపాయమే చాలును.

కావున సోదరీమణులారా, నెలకొకసారి పాలలెక్క చూచునపుడే పాయింట్ల గడువును చూచుకొనుడు. నలుగురి ఫోనులలో చెదరనీయక ఇంటి కొనుగోళ్ళొక ఖాతాలో నుంచుడు. ఓ.టి.పి. ఎవ్వరికిని చెప్పకుడు. పాయింట్ల కొఱకై అక్కఱలేని సరకు కొనకుడు. కొసరు కొఱకు కుళ్ళిన కాయలు వంద కొనిన యిల్లాలి యావకాయ యే నెల నిలుచునో మీరే యెఱుగుదురు. చిట్టాలో దాగియున్న కొసరును గడువులోపల వాడుకొని యింటికి తెచ్చుకొన్నపుడే యది కొసరు; అంతవఱకు నది వర్తకుని మాట మాత్రమే.