మాయకూ లెక్క ఉంది

తేలుమంత్రం వేసే పెద్దమనుషులను మన ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల పల్లెల్లో చిన్నప్పుడు చూసినవాళ్లు చాలామందే ఉంటారు. ఆ మంత్రంతో విషం దిగుతుందని మేము చెప్పడం లేదు. తేలు కుడితే ఆసుపత్రికే పోవాలి. కానీ ఆ మంత్రానికి పల్లె పెట్టుకున్న కట్టడి చూడండి. గ్రహణం నాడు మళ్లీ జపించకుంటే దాని బలం పోతుంది. డబ్బు పుచ్చుకుంటే పని చేయదు. నలుగురి చెవిన వేస్తే అసలే పని చేయదు. మాయ అంటే తోచినట్టల్లా జరిగిపోయేది కాదని, దానికీ ఓ లెక్క, ఓ వెల ఉంటాయని అక్షరం రాని పల్లెకూ తెలుసు.

ఈ ఎరుకను ఎనిమిది ఆశ్వాసాల కావ్యంగా మలచినవాడు పింగళి సూరన. 16వ శతాబ్దంలో రాసిన ఆ ‘కళాపూర్ణోదయం’ నంద్యాల కృష్ణరాజుకు అంకితం. నంద్యాల మనకు పరాయి ఊరేమీ కాదు. ఎర్రగుంట్లలో రైలెక్కితే ప్రొద్దుటూరు, జమ్మలమడుగు దాటి నేరుగా అక్కడే దిగొచ్చు. ఆ రైలుదారి 2016లో పూర్తయింది. కావ్యానికి మాత్రం మనమింకా దారి వేసుకోలేదు. పోటీ పరీక్షల గైడులో ‘కళాపూర్ణోదయ కర్త ఎవరు?’ అన్న ప్రశ్న దగ్గరే మన పరిచయం ఆగిపోయింది.

సూరన నారదుణ్ని, కృష్ణుణ్ని పురాణాల నుంచి తెచ్చుకున్నాడు గానీ కథను తానే కల్పించాడు. అందులో ఇద్దరు రంభలు ఎదురుపడి, నేను అసలంటే నేను అసలని తగవులాడుకుంటారు. సింహం మీద తిరిగే మణిస్తంభుడనే సిద్ధుడు ఎంతో దూరాన జరిగేవి చూస్తాడు, వింటాడు. అంత సిద్ధి ఉన్నవాడు కూడా కోరింది దక్కాలంటే దేవి గుడిలో బలి ఇవ్వక తప్పదనుకుంటాడు. ఆలుమగలు ఆడ మగ రూపాలు మార్చుకుంటారు. ఇదంతా విడివిడిగా వింటే అవ్వ చెప్పే కథలాగే ఉంటుంది. కానీ ఉయ్యాల వయసు దాటని మధురలాలస పూర్వజన్మ సంగతి విప్పేసరికి ముడులన్నీ ఒకే దారానివని తేలుతుంది. ఆ దారం కొస బ్రహ్మ చేతిలో ఉంది. సరస్వతితో సరసమాడుతూ ఆయన ముందే చెప్పిన కథే తర్వాత భూమ్మీద మనుషులై నడుస్తుంది. ఎవరూ బయటికి చెప్పకూడని కథ అది. తేలుమంత్రానికి ఉన్న కట్టడే ఈ కథకూ ఉంది.

ఇలాంటి కల్పనను పిల్లల కాలక్షేపమని పక్కన పెట్టకుండా, దానికీ శాస్త్రం ఉండాలని కూర్చున్నవాడు కట్టమంచి రామలింగారెడ్డి. ఆయన చిత్తూరు పక్కనున్న కట్టమంచి వాడు, అంటే సీమవాడే. 1926లో ఆంధ్ర విశ్వవిద్యాలయం పుట్టినప్పుడు దానికి మొదటి వైస్ చాన్సలర్ అయ్యాడు. అంతకు పన్నెండేళ్ల ముందే, 1914లో, ‘కవిత్వతత్త్వ విచారము’ వెలువడింది. పద్యంలో అలంకారమేది, ఛందస్సు కుదిరిందా అని చూసుకునే రోజుల్లో ఆయన సూరన కావ్యాన్ని ముందు పెట్టుకుని, కథ ఎలా కట్టాడు, పాత్రలు ఎలా నిలిచాయి, కవికి భావనాశక్తి ఎంత అని అడిగాడు. కల్పిత ప్రపంచాలకు సొంత నియమం ఉండాలని ఇంగ్లీషు రచయిత టోల్కిన్ స్కాట్లండులో ఉపన్యసించింది 1939లో. అంతకు పాతికేళ్ల ముందే తెలుగులో ఇలాంటి తర్కం మొదలైంది.

కట్టమంచి తూకాలన్నీ మనం ఒప్పుకోనక్కర్లేదు. ఇంగ్లీషు విమర్శ ప్రభావం ఆయన మీద ఎక్కువ. ప్రబంధ కవుల మీద కఠినంగానూ మాట్లాడాడు. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్ 2002లో ఇదే కావ్యాన్ని ఇంగ్లీషులోకి తెచ్చి వేరే చూపుతో చదివారు. అయినా బంగారం బజారున్న ప్రొద్దుటూరుకు ఒకరు చెప్పక్కర్లేదు: గీటురాయి మీద వేలెత్తి చూపడం ఎవరైనా చేయొచ్చు. ముందు దాన్ని అంగట్లో పెట్టినవాడు గొప్పవాడు.

ఇప్పుడీ మాట ఎందుకంటే, మన సీమ సాహిత్యం ఆ గీటురాయిని ఒక వైపే వాడుతోంది. గడియారం వేంకటశేషశాస్త్రి ‘శివభారతం’, దుర్భాక రాజశేఖర శతావధాని ‘రాణాప్రతాపసింహ చరిత్ర’ ప్రొద్దుటూరి కావ్యాలే. పుట్టపర్తి నారాయణాచార్యుల ‘శివతాండవం’ పుట్టిందీ అక్కడే. చరిత్ర, భక్తి అలా పండాయి. తర్వాతి కథకులు కరువును, కక్షలను నిక్కచ్చిగా రాశారు. అది మనకు గర్వమే. కానీ ఆ గర్వం నీడలో ఒక అపోహ పెరిగింది: కళ్లెదుట జరిగింది రాస్తేనే సాహిత్యమని, మాయ రాస్తే బాధ్యత తప్పించుకున్నట్టేనని. నిజానికి మాయ రాయడమే కష్టం. కరువు కథలో కథకుడు పొరబడితే లోకం సరిదిద్దుతుంది. ఎండిన చెరువును చూసినవాళ్లు పదిమంది ఉంటారు. లేని లోకాన్ని రాసేవాడికి ఆ సాయం లేదు. ఒక్కచోట వరం అడ్డదిడ్డంగా పనిచేసిందా, లోకమంతా కూలుతుంది. సూరన కట్టిన లోకం నాలుగు వందల ఏళ్లు దాటినా కూలలేదు.

మన మూడు ఊళ్ల కాలేజీల్లో తెలుగు చెప్పే మేష్టర్లకు ఒక విన్నపం. ఈ కావ్యాన్ని బిట్టు ప్రశ్న నుంచి విడిపించండి. కథ రాసే కుర్రాళ్లకు ఒక మాట. మాయ రాయండి, కానీ గ్రహణం నాటి జపం లాంటి కట్టడి ఒకటి దానికి పెట్టుకుని రాయండి. చదవడానికి మాత్రం వరస తప్పొద్దు: ముందు సూరన, తర్వాతే కట్టమంచి.