చప్పుడొచ్చింది... తిరిగి చూడకండి!

మాదాపూర్‌లో ఉద్యోగం చేసే కుర్రాడొకడు మొన్న కలిశాడు. రాత్రి డ్యూటీల మధ్య చిన్న హత్యల చిత్రం తీస్తున్నాడట. దాచుకున్న డబ్బులో సగం నెత్తుటి రంగుకీ, ప్లాస్టిక్ తలకాయకీ అయిపోయింది. 'ఇక నా వల్ల కాదు సార్, ఆపేస్తా' అన్నాడు దిగాలుగా.

అతనికి చెప్పిందే మీకూ చెబుతాను.

1978లో జాన్ కార్పెంటర్ 'హాలోవీన్' తీశాడు. ఖర్చు సుమారు 3 లక్షల డాలర్లు. హాలీవుడ్ లెక్కలో చిల్లర! హంతకుడికి ముసుగు కావాలి. 'స్టార్ ట్రెక్'లోని కెప్టెన్ కిర్క్ ముఖం తొడుగు రెండు డాలర్లలోపే దొరికింది. దానికి తెల్లరంగు పులిమారు. అంతే! సంగీతం దర్శకుడే కట్టుకున్నాడు. నెత్తురంటారా, బహు తక్కువ.

మరి ఆ దడ ఎక్కడిది? మొదట్లోనే కెమెరా హంతకుడి కన్నైపోతుంది. వాడితోపాటు మనమూ మెట్లెక్కుతాం, కత్తి అందుకుంటాం! తరవాత పట్టపగలే వీధిలో ఓ ఆకారం నిలబడుతుంది. మళ్లీ చూస్తే మాయం! ఇక తెర మూలమూలా మనమే వెతుక్కుంటాం. భయపెట్టే పని దర్శకుడు సగమే చేశాడు. మిగతా సగం మన చేతే చేయించాడు!

'ఫ్రైడే ది థర్టీన్త్' (1980) మొదలు ఎన్నో చిత్రాలు ఆ బాట పట్టాయి. అయితే చాలామంది కత్తినే పట్టుకున్నారు. ఎదురుచూపును వదిలేశారు.

మన వంశీ మాత్రం 1985లోనే 'అన్వేషణ'లో ఆ ఎదురుచూపును పట్టుకున్నాడు. అడవిలో చావులు. నేరం పులి మీద. అక్కడ ఆకు కదిలినా మనకు అనుమానమే! పైన ఇళయరాజా సంగీతం... నెత్తురెందుకు చెప్పండి? 1992లో రామ్‌గోపాల్ వర్మ 'రాత్రి'లో కంటికి కనబడనిదాన్ని కెమెరా పరుగుతోనే మన మీదికి తోలాడు.

అందుకే ఆ కుర్రాణ్ణడిగాను: 'మీ ఆఫీసు సెల్లార్ రాత్రి రెండింటికి ఎలా ఉంటుందోయ్?'

'ఖాళీగా సార్. ఓ ట్యూబులైటు ఆరుతూ వెలుగుతూ ఉంటుంది. లిఫ్టు దానంతటదే కిందికొస్తుంది. తలుపు తెరుచుకుంటే లోపల...' చెప్తూ చెప్తూ ఆగిపోయాడు.

'లోపల ఎవరూ?'

'ఎవరూ ఉండరు సార్!'

'మరింకేం బాబూ! ఆ లిఫ్టుకి పైసా ఖర్చు లేదు. అనుమతి తీసుకుని కెమెరా పెట్టు. ప్లాస్టిక్ తలకాయ అటకెక్కించు!'

ఏమంటారు?