సమన్లొస్తే తలుపేసుకోకండి

మన ఫీల్డులో పర్సనల్ లోన్ లేనివాళ్ళని వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. శాలరీ స్లిప్పు చూపిస్తే చాలు, డబ్బు అకౌంట్లో పడిపోతుంది. ఉద్యోగం పోయాకే అసలు కథ. రెండు మూడు ఈఎంఐలు తప్పగానే "రేపు పోలీసులొస్తున్నారు" అని మొదలెడతారు రికవరీవాళ్ళు. ఆ భయంలో మనవాళ్ళు నిజంగా కోర్టు నుంచొచ్చిన కవరు కూడా తీసుకోరు. నన్నడిగితే ఇంతకన్నా తెలివితక్కువ పని లేదు.

బాకీ 20 లక్షలు, ఆ పైన అయితే బ్యాంకు డీఆర్టీకి వెళ్తుంది (2018కి ముందు 10 లక్షలే). అంతకన్నా తక్కువైతే మామూలు సివిల్ కోర్టు. రాతపూర్వక ఒప్పందం ఉంది కాబట్టి ఆర్డర్ 37 కింద సమ్మరీ సూట్ వెయ్యొచ్చు. చాలామంది బోల్తా పడేది ఇక్కడే. సమన్లు అందిన 10 రోజుల్లో హాజరు నమోదు చేసుకోవాలి. తర్వాత తీర్పు కోసం ఇంకో సమన్లు వస్తాయి, అవి అందిన 10 రోజుల్లో 'నా వాదన కూడా వినండి' అని అనుమతి అడగాలి. అడక్కపోతే బ్యాంకు చెప్పిందే ఖాయం, డిక్రీ ఇచ్చేస్తారు. మామూలు దావాలో కాస్త నయం, జవాబుకి 30 రోజులు, కారణం చూపిస్తే 90 దాకా.

"నేను తీసుకోలేదుగా" అంటారా? మీరు దొరక్కపోతే ఇంట్లో మేజరైన వాళ్ళకి ఇవ్వొచ్చు, తలుపుకి అంటించొచ్చు, పేపర్లో కూడా వేయించొచ్చు. నాతో పనిచేసిన ఒకతని విషయంలో అదే అయింది. ఊళ్ళో వాళ్ళ నాన్న సంతకం పెట్టి తీసుకుని, కొడుకు కంగారు పడతాడని కవరు బీరువాలో పెట్టేశాడు. ఇతనికి తెలిసేసరికి ఎక్స్‌పార్టీ డిక్రీ! మధ్యలో కట్టిన నాలుగు వాయిదాలు బ్యాంకు లెక్కలో లేవు. వెళ్ళుంటే ఒక్క స్టేట్‌మెంట్‌తో తేలిపోయేది. రోజుకి పదిసార్లు ఫోన్ చెయ్యడానికి దొరికిన నంబరు, దావా వేశామని ఒక్క మెసేజ్ పెట్టడానికి దొరకదా? ఇది మాత్రం ఎవరైనా గట్టిగా అడగాల్సిన ప్రశ్న.

నిజానికి కోర్టు ఏజెంటంత కఠినం కాదు. డిక్రీ మొత్తాన్ని వాయిదాల్లో కట్టమని చెప్పే అధికారం జడ్జిగారికుంది. జీతం జప్తు చేసినా మొదటి 1,000, మిగిలినదాంట్లో మూడింట రెండొంతులు ముట్టుకోకూడదు. అంటే లెక్కకొచ్చే జీతం 61,000 అయితే 20,000 దాకానే, అదీ ఒక డిక్రీకి మొత్తం 24 నెలలే. పీఎఫ్ జోలికి రాకూడదు. ఇక జైలంటారా, స్తోమత లేక కట్టలేనివాణ్ణి లోపల వెయ్యడం కుదరదని 1980లోనే జాలీ జార్జ్ వర్గీస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఉండీ ఎగ్గొట్టేవాడి సంగతి వేరు. చెక్కు బౌన్స్ కేసు కూడా వేరు, అది క్రిమినల్, దాన్ని దీంతో కలపొద్దు.

'మూడేళ్ళు దాక్కుంటే చాలు' అనే సలహా కూడా తిరుగుతోంది. ఆ మూడేళ్ళు బ్యాంకు దావా వెయ్యడానికి గడువండీ బాబూ. వేసి గెలిస్తే డిక్రీ అమలుకి 12 ఏళ్ళుంది.

లోక్ అదాలత్‌కి పిలిస్తే వెళ్ళండి, బేరమాడండి. కానీ కట్టగలిగిన అంకెకే సంతకం పెట్టండి, దాని మీద అప్పీలు లేదు. వకీలుకి డబ్బుల్లేకపోతే జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడగండి. ఆడవాళ్ళకీ, ఎస్సీ ఎస్టీలకీ ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా ఇస్తారు.